రెండో యూనిట్‌కు సరే అనండి, కానీ ముందు ఎడిట్ రూములో కూర్చోండి

ప్రశ్న: నమస్కారం మేడమ్. నా వయసు 43. ఉండేది యూసఫ్‌గూడలో. డిగ్రీ చదివే రోజుల నుంచి నాటకాలు వేస్తున్నాను. నాటక పరిషత్తు పోటీల్లో నాటికలు, రవీంద్రభారతిలో, త్యాగరాయ గానసభలో ప్రదర్శనలు, ఇలా పెళ్లయ్యాక కూడా మానలేదు. తర్వాత సినిమాల్లో వదిన, లేడీ డాక్టరు, లాయరు లాంటి చిన్న వేషాలు వచ్చాయి. ఎనిమిదేళ్లుగా సీరియల్సే ఆధారం. ఇప్పుడు చేస్తున్న దాంట్లో హీరో తల్లిని. పోయిన నెల మా నిర్మాత పిలిచి, "అమ్మా, కొత్త పిల్లలకు సీను మీరే చెప్పి చేయిస్తున్నారు, చూస్తున్నాను. రెండో యూనిట్ మీరు డైరెక్ట్ చేయండి. బాగుంటే వచ్చే సీరియల్ మీకే" అన్నారు. అప్పటి నుంచి నిద్ర పట్టడం లేదు. చేయాలని ఉంది. కానీ లెన్సుల గురించి, లైటింగ్ గురించి నాకేమీ తెలియదు. యూనిట్‌లో మగవాళ్లు నా మాట వింటారా? డైరెక్టర్ని నేను అన్నయ్యా అని పిలుస్తాను, ఆయన ఏమనుకుంటారో. డైరెక్షన్‌లోకి వెళ్లిందని తెలిస్తే నటిగా పిలవడం మానేస్తారేమో. అమ్మాయి ఇంటర్ సెకండియర్. మా వారు వద్దనరు, అలాగని ఊఁ అనరు. పుణె వెళ్లి కోర్సు చేయాలా? ఏం చేయమంటారు?

సమాధానం:

నమస్కారమండీ. రెండో యూనిట్, అంటే అదే సీరియల్‌కు ఇంకో బృందంతో విడిగా సీన్లు తీసే పని, అంతవరకు ఒప్పుకోండి. "వచ్చే సీరియల్ మీకే" అన్న మాట మాత్రం విని ఊరుకోండి. నిర్మాత అబద్ధం చెప్పారని కాదు. ఆ మాట ఇచ్చే అధికారం ఆయన ఒక్కరి చేతిలో లేదు. ఛానెల్లో సీరియల్స్ విభాగం చూసే ఫిక్షన్ హెడ్ ఉంటారు, మీ సీరియల్‌ను చూసే ఈపీ (ఎగ్జిక్యూటివ్ ప్రొడ్యూసర్) ఉంటారు, వాళ్లు సరే అంటేనే డైరెక్టర్ పేరు ఖాయమవుతుంది. కాబట్టి ఇప్పుడు మీ ముందున్నది రెండో యూనిట్ ఒక్కటే. దాని గురించే మాట్లాడుకుందాం.

మీరు చాలా భయాలు రాశారు. అసలు భయపడాల్సిన దాన్ని రాయలేదు. అది టైము.

నటి డైరెక్టర్ కావడం మన దగ్గర వింతేమీ కాదు. భానుమతి గారు 1953లోనే 'చండీరాణి' డైరెక్ట్ చేశారు, అదీ మూడు భాషల్లో. సావిత్రి గారు 1968లో 'చిన్నారి పాపలు' తీశారు. విజయనిర్మల గారు 1973లో 'మీనా'తో తెలుగులో మొదలుపెట్టి, నలభైకి పైగా సినిమాలు తీసి, 2002లో గిన్నిస్ బుక్కులోకి ఎక్కారు. అయితే వీళ్లందరూ స్టార్లు. భానుమతి గారికి సొంత స్టూడియో ఉంది. వీళ్లను తలచుకుంటే ధైర్యం వస్తుంది గానీ, సోమవారం పొద్దున సెట్లో ఏం చేయాలో తెలియదు.

మీకు దగ్గరగా ఉండేది నీనా గుప్తా గారు. నేషనల్ స్కూల్ ఆఫ్ డ్రామాలో చదివి, నాటకాలు వేసి, సినిమాల్లో సహాయ పాత్రలు చేసి, 1998లో స్టార్ ప్లస్‌లో 'సాన్స్' సీరియల్‌ను తనే రాసి, తనే డైరెక్ట్ చేసి, తనే నటించారు. సుహాసిని గారు 1991లో దూరదర్శన్ కోసం తమిళంలో 'పెణ్' అని విడివిడి కథలు తీశారు. అమెరికాలో ఐడా లుపినో అని ఒకావిడ, నాటకాల కుటుంబంలో పుట్టి, హాలీవుడ్ హీరోయిన్ అయి, సినిమాలు డైరెక్ట్ చేసి, తర్వాత ఎక్కువగా టీవీకి పనిచేశారు. 'ద ట్విలైట్ జోన్' అనే పాత సిరీస్‌లో ఒక ఎపిసోడ్‌లో నటించి, 1964లో ఇంకో ఎపిసోడ్ డైరెక్ట్ చేశారు. ఆ పాత సిరీస్ మొత్తానికి ఎపిసోడ్ డైరెక్ట్ చేసిన మహిళ ఆవిడ ఒక్కరే.

ఈ ముగ్గురినీ ఎందుకు చెప్పానంటే, వాళ్లు చేసినవి వారానికోసారి వచ్చేవి, లేదా ఏ ఎపిసోడ్‌కు ఆ కథ అయిపోయేవి. మీది డైలీ. అక్కడే లెక్క మారిపోతుంది. అరగంట స్లాట్‌లో ప్రకటనలు పోగా ఇరవై, ఇరవై రెండు నిమిషాలు మనం నింపాలి. వారానికి ఆరు రోజులంటే ఏడాదికి మూడు వందల ఎపిసోడ్లు దాటతాయి. సినిమాలో రోజుకు రెండు మూడు నిమిషాలు వస్తే సంతోషిస్తారు. ఇక్కడ ఒక్క కాల్షీట్‌లో, అంటే ఒక్క రోజు షూటింగ్‌లో, దాదాపు ఎపిసోడ్ అంత అవుట్‌పుట్ రావాలి. ఆడవాళ్లు అంత మోయగలరా అని ఎవరైనా అంటే మాత్రం 'చక్రవాకం', 'మొగలిరేకులు' ఎవరు డైరెక్ట్ చేశారో గుర్తు చేయండి. ఏళ్ల తరబడి ఈ ఊళ్లోనే మంజులా నాయుడు గారు నడిపించారు. ఆ చర్చ ఎప్పుడో ముగిసింది.

ఇప్పుడు మీ పనిలోకి వద్దాం. మీకు బాగా తెలిసిన సీనే తీసుకుందాం. హాల్లో తొమ్మిది మంది. నగ పోయింది. కోడలే తీసిందని ఆడపడుచు నింద వేసి చెంప మీద కొడుతుంది. మామగారు సోఫాలో, మీరు మెట్ల దగ్గర, కోడలు మధ్యలో. సీన్ పేపర్ మూడు పేజీలు, అదీ పొద్దున్నే వాట్సాప్‌లో వచ్చింది. మీ చేతిలో రెండున్నర గంటలు. ముందు మాస్టర్, అంటే అందరూ కనబడే షాటు, తీస్తారు. తర్వాత కెమెరా ఒక పక్కకు పెట్టి, లైటింగ్ ఆ పక్కకు కట్టి, అటు ముఖాలున్న వాళ్ల క్లోజులు (ముఖం దగ్గరగా), సజెషన్లు (ఎదుటివాళ్ల భుజం మీదుగా), రియాక్షన్లు అన్నీ వరుసగా లాగేస్తారు. లైట్లు ఇటు నుంచి అటు తిప్పితే చాలా టైము పోతుంది కాబట్టి సీను ఆర్డర్లో తీసే భాగ్యం ఉండదు. కోడలు చెంప పట్టుకుని ఏడ్చేది పదకొండింటికి తీస్తే, ఆడపడుచు చెయ్యెత్తేది లంచ్ తర్వాత తీస్తారు.

ఇందులో నటిగా మీరు గుర్తుపెట్టుకోవాల్సింది మీ క్లోజు ఒక్కటే. పిలిచినప్పుడు వెళ్లి, మెట్ల దగ్గర నిలబడి, నోటి మీద కొంగు పెట్టుకుని వచ్చేస్తారు. డైరెక్టర్‌గా అయితే తొమ్మిది మందీ మీ తలలో ఉండాలి. దెబ్బ పడింది ఏ చెంప మీద? జడ ముందుకుందా, వెనక్కుందా? పొద్దున కోడలు ఎంత గట్టిగా ఏడ్చింది? మధ్యాహ్నం ఆడపడుచు కోపం అంతకు సరిపోవాలి కదా. మామగారు కోడల్ని చూసిన చూపు కెమెరాకు ఎటు పక్క? అది తప్పితే ఎడిట్‌లో ఇద్దరూ గోడనే చూస్తున్నట్టు ఉంటుంది, లైన్ క్రాస్ అయింది, అంటే చూపులు ఎదురెదురుగా కలవడం లేదు, అని ఎడిటర్ ఫోన్ చేస్తాడు. అప్పటికి మామగారు పాత్రధారి ఇంకో సీరియల్ లొకేషన్‌లో ఉంటారు.

లెన్సు నంబర్లు తెలియకపోవడం దీని ముందు చాలా చిన్న సమస్య. కెమెరామన్‌తో "ఇక్కడ అత్తగారి కళ్లే కనబడాలి, వెనకాల కోడలు ఉందని తెలిస్తే చాలు" అని మామూలు మాటల్లో చెప్పండి, లెన్సు ఆయన పెట్టుకుంటారు. తెలిసినట్టు నటించి నంబర్లు చెప్పారంటే మాత్రం ఒక్క రోజులో పట్టేస్తారు.

నాటకం వల్ల మీకు వచ్చిన ఆస్తి ఏమిటంటే నటుల్ని నిలబెట్టడం, నడిపించడం, మాట పలికించడం. కొత్తగా వచ్చే డైరెక్టర్లలో చాలామందికి షాట్లు తెలుసు, నటులతో మాట్లాడటం తెలియదు. "ఇంకొంచెం ఎమోషన్ కావాలమ్మా" అంటారు, అంతే. ఏ మాట దగ్గర ఆగాలో, ఊపిరి ఎక్కడ తీసుకోవాలో మీరు చెప్పగలరు. ప్రాంప్టింగ్ సంగతే చూడండి. మీ హీరోయిన్ బెంగళూరు అమ్మాయి అయి ఉంటుందని నా ఊహ, చాలా సీరియల్స్‌లో అంతే కదా. పక్కన నిలబడి అసిస్టెంట్ డైలాగు అందిస్తుంటే ఆ అమ్మాయి పలుకుతుంది, తర్వాత డబ్బింగ్ ఆర్టిస్ట్ గొంతు కలుపుతుంది. ఆ అసిస్టెంట్ రైలు టైమింగులు చదివినట్టు చదివితే ఆ అమ్మాయి ముఖం కూడా అలాగే ఉంటుంది. ప్రాంప్టింగ్ ఒక్కటి మీరు సరిచేస్తే, అంటే ముక్క ఎక్కడ విరవాలో, ఎక్కడ ఆగి చూడాలో ఆ కుర్రాడికి నేర్పితే, సీను సగం మెరుగుపడుతుంది. ఇది మీ కంటే బాగా చేయగలిగిన వాళ్లు యూనిట్లో ఉండరు.

అదే నాటకం వల్ల ఒక చెడ్డ అలవాటు కూడా వచ్చి ఉంటుంది. స్టేజీ మీద ప్రేక్షకులకు వీపు చూపించకూడదని అందరినీ అర్ధచంద్రాకారంలో నిలబెడతాం. మన సీరియల్స్‌లో ఇంటిల్లిపాదీ హాల్లో వరుసగా నిలబడి ఒకరి తర్వాత ఒకరు మాట్లాడేది చూడండి, అది పరిషత్తు నాటిక నుంచి దిగుమతి అయిందే అని నాకు ఎప్పటి నుంచో అనుమానం. కెమెరాకు వీపు చూపించవచ్చు. ఒక మనిషి వంటింట్లోంచి మాట్లాడవచ్చు. ఒకరు కూర్చుని అన్నం కలుపుకుంటూ ఉండగా గొడవ జరగవచ్చు. నెల రోజులు ఎవరి మేడ మీదో రిహార్సల్ చేసి సాధించే పట్టు ఇక్కడ దొరకదు. రిహార్సల్ అంటే లైటింగ్ జరుగుతుండగా పక్కన నిలబడి ఒకసారి చదువుకోవడమే. ఆ పది నిమిషాలనే వాడుకోవాలి.

ఇక పుణె. ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్‌లో టీవీ డైరెక్షన్‌కు ఏడాది కోర్సు ఉంది, మంచిదే. కానీ మీ వయసులో, మీ ఇంటి పరిస్థితుల్లో ఏడాది వదిలి వెళ్లమని నేను చెప్పను. మీకు లోటుగా ఉన్నది ఒక్కటే, అది మణికొండలోనో కృష్ణానగర్‌లోనో మీ సీరియల్ ఎడిట్ చేసే గదిలో దొరుకుతుంది. నిర్మాతకు సరే చెప్పే ముందు ఒక మాట అడగండి: "రెండు మూడు వారాలు నా షూటింగ్ లేని రోజుల్లో ఎడిటర్ పక్కన కూర్చుంటాను." దీనికి ఆయనకు రూపాయి ఖర్చు లేదు. కాదనడానికి కారణం ఉండదు.

అక్కడ నోరు మెదపకుండా చూడండి. మీరు నటించిన సీన్లే ముందు చూడండి. ఎడిటర్ ఎక్కడ విసుక్కుంటున్నాడో గమనించండి. కోడలు మాట్లాడుతుంటే మీ రియాక్షన్ తీయలేదు కాబట్టి వేరే సీన్లో మీ ముఖం తెచ్చి అతికిస్తాడు. చీర రంగు తేడా వస్తుందని ముఖం పెద్దది చేస్తాడు. ప్రేక్షకులు వెక్కిరిస్తారే, ఒకే చూపును మూడుసార్లు డమ్ డమ్ అని చూపిస్తారని, అది చాలాసార్లు నిమిషాలు తక్కువ పడి చేసే పని. ఎపిసోడ్ పద్దెనిమిది నిమిషాలకే అయిపోతే మిగతాది దేనితో నింపాలి మరి? తొమ్మిది మంది ముఖాలతో నింపుతారు. ఎడిట్ గదిలో వారం కూర్చుంటే సెట్లో ఏ షాటు అవసరమో, ఏది తీసినా చెత్తబుట్టలోకే పోతుందో తెలుస్తుంది. డైలీలో టైము మిగిలేది అలాగే. షాట్లు గబగబా తీయడం వల్ల కాదు, అక్కర్లేనివి మానేయడం వల్ల.

దాంతో పాటు ఒక సొంత అభ్యాసం. మీ నాటక సమాజంలో ఇద్దరు నటుల్ని పిలిచి, మీ ఇంట్లోనే, భార్యాభర్తలు కరెంటు బిల్లు గురించి పోట్లాడుకునే నాలుగు నిమిషాల సీను ఫోన్‌తో తీయండి. డావిన్చీ రిజాల్వ్ అని ఎడిటింగ్ సాఫ్ట్‌వేర్ ఉంది, దాని మామూలు వెర్షన్ ఉచితం. అమ్మాయికి చెబితే సాయంత్రంలోగా ఇన్‌స్టాల్ చేసి పెడుతుంది. మీ చేత్తో మీరే కట్ చేయండి. మొదటిసారి ఘోరంగా వస్తుంది, ఎవరికైనా అంతే. అతకని చోట్లు రాసుకుని, అదే సీను మళ్లీ తీయండి. ఎవరికీ చూపించనక్కర్లేదు.

మనుషుల దగ్గరకు వద్దాం. మీరు అన్నయ్య గురించి బెంగపడుతున్నారు. ఆయనకు బ్యాంకింగ్ (ముందుగా తీసి పెట్టుకున్న ఎపిసోడ్లు) లేక రాత్రి పదింటి దాకా ప్యాకప్ కాని రోజులే ఎక్కువ ఉంటాయి. రెండో యూనిట్ వస్తుందంటే సంతోషించే అవకాశమే ఎక్కువ. నిర్మాత నోటి నుంచి కాకుండా మీ నోటి నుంచే వినేలా చేయండి, చాలు. "అన్నయ్యా, ఇలా అడిగారు, మీరు తీసే పద్ధతిలోనే తీస్తాను, ఏ సీన్లు ఇస్తారో మీరే చెప్పండి" అనండి.

మనసు కష్టపెట్టుకునే మనిషి వేరే ఉన్నారు. మీ కో-డైరెక్టర్. మీరు ఉత్తరంలో ఆయన ఊసే ఎత్తలేదు. ఎన్నేళ్ల నుంచో కంటిన్యుటీ (ఏ సీన్లో ఎవరు ఎలా ఉన్నారన్న లెక్క) రాస్తూ, ఆర్టిస్టులకు ఫోన్లు చేస్తూ, అర్ధరాత్రి మర్నాటి షెడ్యూల్ వేస్తూ, రెండో యూనిట్ వస్తే నాకే అని అనుకుంటూ ఉంటాడు. నటి కాబట్టి ఆవిడకిచ్చారు అనుకుంటాడు, అందులో కొంత నిజం కూడా ఉంది. ఆయన గొడవేమీ చేయడు. అడిగిన దానికే జవాబు చెబుతాడు, అంతే. నిన్న కోడలు వేసుకున్న గాజులు ఎరుపా ఆకుపచ్చా అన్నది మీరు అడగలేదు కాబట్టి చెప్పడు. అదే మిమ్మల్ని ముంచుతుంది. ఆయనతో ముందుగా, విడిగా, టీ తాగుతూ మాట్లాడండి. రెండో యూనిట్‌లో వారానికి కొన్ని సీన్లు ఆయన పేరుతో ఆయనే తీసేలా నిర్మాతను మీరే అడగండి. టైటిల్స్‌లో ఆయన పేరు ఎలా పడుతుందో కూడా మీరే కనుక్కోండి. ఇది మంచితనం కోసం చెప్పడం లేదు. మీ సీన్లు అతకాలంటే ఆయన మీ వైపు ఉండాలి.

మగవాళ్లు మాట వింటారా అన్నారు. లైట్ బాయ్స్, కెమెరా అసిస్టెంట్లు ఎవరి మాటైనా వింటారు, ఆ మాటలో స్పష్టత ఉంటే. పొద్దున్నే ఎన్ని సీన్లు, ఏ వైపు ముందు, ఎవరు ఎప్పుడు ఫ్రీ అవుతారు అన్నది చెప్పేస్తే సగం మంది అప్పుడే మీ వాళ్లు. లంచ్ టైముకు బ్రేక్ ఇస్తే మిగతా సగం. మీరు హీరో తల్లి కాబట్టి యూనిట్ అంతా ఇప్పటికే అమ్మా అని పిలుస్తూ ఉంటుంది, దాన్ని మార్చుకోవాలని చూడకండి. ఇందాక చెప్పిన ఐడా లుపినో కుర్చీ వెనకాల 'మా అందరి తల్లి' అని రాసి ఉండేది. ఆవిడ ఆ పిలుపును పనికి వాడుకున్నారు. అయితే అమ్మ పిలుపుతో అమ్మ చాకిరీ కూడా వస్తుంది. ఎవరికి జ్వరం వచ్చినా, ఎవరి పేమెంట్ ఆగినా మీ దగ్గరికే వస్తారు. వినండి, ప్రొడక్షన్ మేనేజర్ వైపు చూపించండి. మీ జేబులోంచి అప్పులివ్వకండి.

ఒక విషయంలో మాత్రం ప్రొడక్షన్ మీదకు నెట్టేయడానికి లేదు. డైరెక్టర్ అయ్యాక సెట్లో ఆడపిల్లలు, అసిస్టెంట్లు కావచ్చు, జూనియర్ ఆర్టిస్టులు కావచ్చు, ఎవరైనా వేధించారని చెప్పుకుంటే మీకే చెప్పుకుంటారు. 2013 చట్టం ప్రకారం పది మంది, అంతకు పైన పనిచేసే ప్రతి సంస్థలో ఫిర్యాదుల కమిటీ ఉండాలి. మీ కంపెనీలో ఉందో లేదో, అందులో ఎవరున్నారో ముందే కనుక్కుని పెట్టుకోండి. అవుట్‌డోర్ అయితే ఆడవాళ్లకు బాత్రూమ్ ఉన్న క్యారవాన్ సంగతి మీరు ఖచ్చితంగా మాట్లాడాలి. ఇన్నేళ్లు మీరు పడిన ఇబ్బందే కదా.

నటిగా పిలవడం మానేస్తారా? కొందరు మానేస్తారు. మీకు అబద్ధం చెప్పను. "ఆవిడ ఇప్పుడు డైరెక్టర్ కదా, డేట్లు ఇవ్వదు" అని మేనేజర్లు వాళ్లే అనేసుకుంటారు, మిమ్మల్ని అడగరు కూడా. అందుకే రెండు జాగ్రత్తలు. ఒకటి, ఇప్పుడు చేస్తున్న తల్లి పాత్రను వదలకండి, నెలనెలా ఇంట్లోకి వచ్చే డబ్బు అదే. రెండు, మిమ్మల్ని తరచూ పిలిచే మేనేజర్లకు మీరే ఫోన్ చేసి, ఏ తేదీల్లో ఖాళీయో చెబుతూ ఉండండి. మీ పాత్ర ఉన్న సీన్లు మాత్రం మీరు డైరెక్ట్ చేయకండి, ఎవరు బలవంతం చేసినా. నీనా గుప్తా గారు చేశారు కదా అనకండి. ఆవిడ చేతిలో ఎపిసోడ్‌కు వారం ఉంది. మీరు మానిటర్ దగ్గర లేకపోతే కోడలి కంటి చూపు ఎవరు పట్టుకుంటారు? అలాగే ఒకే రోజు మొదటి యూనిట్లో మీ పాత్ర, రెండో యూనిట్లో మీ డైరెక్షన్ పడితే రెండు చోట్లా మాట పడతారు. తేదీలు ముందే విడగొట్టించుకోండి.

డబ్బు విషయం. నటిగా రోజుకింత అని తీసుకుంటున్నారు. డైరెక్షన్‌కు రోజుకింతా, ఎపిసోడ్‌కు ఇంతా అని అడగండి, కాగితం మీద పెట్టించండి. ఛానెల్ సీను తిప్పి పంపి మళ్లీ తీయమంటే ఆ రోజుకు డబ్బు ఉంటుందా లేదా అన్నది కూడా రాయించండి, గొడవలు వచ్చేది అక్కడే. నటన కంటే మొదట్లో తక్కువే వస్తుంది. తక్కువైనా పర్లేదు, ఊరికే మాత్రం చేయకండి. 'నేర్చుకుంటున్నారు కదమ్మా' అని బేటాతో (రోజు ఖర్చుల డబ్బుతో) సరిపెట్టే వాళ్లుంటారు. ఇంకా ముఖ్యమైనది, రేపు ఎప్పుడైనా "మీరే డైరెక్షన్, కొంచెం పెట్టుబడి కూడా పెడితే భాగస్వామిని చేస్తాను" అని ఎవరన్నా అంటే, ఆ మాట ఇంటి దాకా కూడా తీసుకెళ్లకండి. సావిత్రి గారంతటి మనిషి 'మూగమనసులు' కథను తమిళంలో 'ప్రాప్తం'గా తనే నిర్మించి, డైరెక్ట్ చేసి 1971లో విడుదల చేస్తే అది ఆడక బాగా నష్టపోయారు. డైలీ సీరియల్‌ను టీఆర్‌పీ బాగా లేదని ఛానెల్ ఎప్పుడు ఆపేస్తుందో చెప్పలేం. గురువారం రేటింగ్ వచ్చాక శుక్రవారం కథే మారిపోతుంది. ఆ జూదంలో మీ అమ్మాయి చదువు డబ్బు పెట్టకూడదు.

ఇల్లు. షూటింగ్ రోజు మీది నటిగా పన్నెండు గంటలైతే డైరెక్టర్‌గా పదిహేను అవుతుంది. ప్యాకప్ తర్వాత మర్నాటి సీన్లు, తర్వాత ఎడిటర్ ఫోను. అమ్మాయి పరీక్షలు మార్చికి అటూ ఇటూ ఉంటాయి కాబట్టి ఎడిట్ గది పని, ఇంటి అభ్యాసం ఇప్పుడు మొదలుపెట్టి, డైరెక్టర్ కుర్చీలో కూర్చోవడం పరీక్షలయ్యాక పెట్టుకోండి. నిర్మాత తొందరపెడితే నెలకు నాలుగైదు రోజులకు మించి ఒప్పుకోకండి. మీ వారి సంగతి, "ఊఁ అనరు" అని రాశారే, ఆయన్ని అనుమతి అడుగుతున్నట్టు అడిగితే ఎవరైనా అలాగే నసుగుతారు. పని చెప్పండి. "మంగళ, బుధవారాలు రాత్రి వంట మీది, అమ్మాయిని కాలేజీ నుంచి తీసుకురావడం మీది, కుదురుతుందా?" అనండి. దానికి కుదురుతుందనో కుదరదనో ఏదో ఒకటి చెప్పక తప్పదు. కుదరదంటే కారణం కూడా బయటికి వస్తుంది, అప్పుడు మాట్లాడుకోవచ్చు. రాత్రి లొకేషన్ నుంచి ఇంటికి కారు ప్రొడక్షన్ వాళ్లదే అన్నది కూడా కాగితంలో ఉండాలి.

నిర్మాతతో మాట్లాడేటప్పుడు ఉత్సాహంలో అన్నిటికీ తల ఊపకండి. ఎడిట్ గది, తేదీలు, డబ్బు, కో-డైరెక్టర్ పేరు, ఈ నాలుగూ అయ్యాకే సరే అనండి. ఆయన ఎడిట్ గదికి కూడా ఒప్పుకోకపోతే మీ ప్రతిభ చూసి అడగలేదని, తక్కువ డబ్బుకు రెండో యూనిట్ నడిపే మనిషి కావాలనుకున్నారని అర్థం. అలాంటప్పుడు నవ్వుతూ "ఇప్పుడు కాదు సార్" అని మీ వేషం మీరు చేసుకోండి. ఈలోగా మీ సమాజం వాళ్లతో ఒక నాటిక మీరే డైరెక్ట్ చేసి పరిషత్తుకు పంపండి. సీన్లు కట్ చేయడం నేర్చుకున్న మనిషిని అడిగే నిర్మాత ఈ ఊళ్లో ఆయన ఒక్కరే కాదు.

ఒకవేళ ఒప్పుకుంటే, మొదటి రోజుకు ఏ సీన్లు కావాలో మీరే అడగండి. హాల్లో తొమ్మిది మంది సీను తీసుకోకండి. ఇద్దరు మనుషులు, ఒక గది, ఒకే పూట జరిగే సీన్లు అడగండి.